ఒక్క మాట వేషం

ఆలస్యం చేసినా మరిచిపోని దేవునికి స్తోత్రం. దీనుల మొర ఆలకించి, గర్విష్ఠుల నోరు మూయించే నా ప్రభువుకు మహిమ. మనుషులు కుర్చీలు వేసుకుని తీర్పులు చెప్పే చోట తాను నిలబడి అంతా చూసి, తన సమయంలో న్యాయం తీర్చిన యేసయ్యకు నిండు హృదయంతో కృతజ్ఞతలు. ఆయన నాకు చేసినది చెప్పకుండా ఊరుకుంటే నేను కృతఘ్నురాలిని. పగ తీర్చడం ఆయన పని అని చిన్నప్పుడే కంఠస్థం చేశాను. అది నిజం. అయితే ఆయన తన పనులు చాలావాటిని మనుషుల చేత చేయిస్తాడని కూడా అదే లేఖనంలో చదువుకున్నాను. ఆ సంవత్సరం ఈ పనికి ఆయన ఇద్దరిని వాడుకున్నాడు. ఒకదాన్ని నేను. రెండోది, దేవుడంటే పెద్ద పట్టింపు లేని ఒక ఇంగ్లండు ముసలావిడ.

చిన్నపిల్లల చదువులో మాస్టర్స్ చెయ్యడానికి నేను సిడ్నీ వచ్చాను. మాది రేపల్లె వైపు. నాన్నగారు బడిపంతులు. పాస్టరు లేని పల్లెల్లో ఆదివారాలు వాక్యం చెప్పేవారు. నన్ను పంపేముందు ఆయన అడిగింది ఒక్కటే, అక్కడ మన సంఘం ఉందా అని. ఉంది. సిడ్నీ శివారు టూంగాబీలో ఒక స్కూలు హాలు అద్దెకు తీసుకుని, ఆదివారం మధ్యాహ్నాలు మన తెలుగువాళ్ళు ఆరాధన జరిపేవారు. ఆ సంఘంలోనే ఒక ఆంటీ తన ఇంట్లో నాకు గది అద్దెకు ఇచ్చింది. "ఇంక నీకేం భయం లేదమ్మా, దేవుని బిడ్డల ఇంట్లో ఉన్నావు" అని నాన్నగారు ఫోనులో స్తోత్రం చెప్పుకున్నారు.

ఆంటీ గురించి చెప్పాలి. స్త్రీల కూడిక ఆవిడదే, క్రిస్మస్ ప్రోగ్రాం ఆవిడదే. గంజి పెట్టిన చీర నలగకుండా కారు దిగేది. ఆరాధన చివర అయ్యగారు, అంటే మా పాస్టరుగారు, "ప్రార్థన అంశాలు ఉంటే చెప్పండి" అనేవారు. రోగాలు, వీసాలు, ఉద్యోగాలు, ఎవరి అవసరం వాళ్ళు లేచి చెప్పుకునే సమయం అది. ఆంటీ ఎప్పుడూ తన అవసరం చెప్పేది కాదు. ఇతరుల అవసరాలు చెప్పేది. రెండు వేళ్ళతో పైట కొంగు పట్టుకుని తలమీదికి లాక్కుని, తల ఒక పక్కకి వాల్చి, గొంతు తగ్గించి, "ఒక కుటుంబం... పేరు చెప్పను... భార్యాభర్తల మధ్య సమాధానం లేదు..." అని మొదలుపెట్టేది. ఆ మాటకి హాలంతా ఆ కుటుంబం వైపు చూసేది. కళ్ళు మూసుకునే ప్రార్థించేది గాని, మధ్యలో ఒక కన్ను సగం తెరుచుకునేది. ఎవరెవరు ఏడుస్తున్నారో చూసుకుని మళ్ళీ మూసుకునేది. నేను ఆవిడ పక్కనే కూర్చునేదాన్ని కాబట్టి ఎన్నోసార్లు చూశాను. అప్పట్లో అది తల్లి మనసు అనుకున్నాను.

రెండో సెమిస్టరు మధ్యలో, పరీక్షలు దగ్గర పడుతుండగా, ఒక సాయంత్రం ఆంటీ నా గది గుమ్మంలోకి వచ్చింది.

"చూడమ్మా, మా అక్క కూతురు వస్తోంది స్టూడెంట్ వీసా మీద. తనకి ఈ రూమ్ కావాలి. నువ్వు సండే లోపు షిఫ్ట్ అయిపోవాలి."

"ఆంటీ, ఇవాళ గురువారం కదా! పరీక్షలు అయ్యేదాకా అయినా..."

"నాకు తెలుసమ్మా, నాకూ బాధగానే ఉంది. నీ కోసం ఉపవాసం ఉండి ప్రేయర్ చేస్తున్నా. డోంట్ వర్రీ."

వెళ్ళిన రోజు నా పెట్టెలు గుమ్మం దగ్గర పెట్టుకున్నాను. అంకుల్ కారు తీస్తానన్నారు. ఆవిడ ఆయన వైపు చూసింది, ఆయన లోపలికి వెళ్ళిపోయారు. ఆంటీ కొంగు తలమీదికి లాక్కుంది. నా రెండు చేతులూ తన చేతుల్లోకి తీసుకుంది. "ప్రభువా, ఈ బిడ్డకు నీ రెక్కల కింద చోటు చూపించు తండ్రీ" అని ప్రార్థిస్తూ ప్రార్థిస్తూనే, కుడికాలితో నా చిన్న పెట్టెను మెల్లగా గుమ్మం అవతలికి జరిపింది. నేను ఆమేన్ అన్నాను. తలుపు మూసుకుంది.

ఆ ఆమేన్ నన్ను ఎన్నాళ్ళు కాల్చిందో ఆ దేవుడికే తెలుసు.

నాలుగు రోజులు క్లాస్‌మేట్ గదిలో నేలమీద పడుకున్నాక, యూని, అంటే మా యూనివర్సిటీ, వెల్ఫేర్ ఆఫీసులో ఒక దారి చెప్పారు. ఒంటరిగా ఉండే పెద్దవాళ్ళు కొందరు స్టూడెంట్లకు గది ఇస్తారు, అద్దె ఉండదు, ఇంటిపనిలో తోడుండాలి, అంతే. అలాంటి ఇల్లు టూంగాబీలోనే ఒకటి ఉందన్నారు. వెళ్ళాను. ఒక పొట్టి ముసలావిడ తలుపు తీసి, గడప మీదే నిలబెట్టి నన్ను అడిగింది. మా మాటలు ఇంగ్లీషులోనే గాని, నాకు తెలుగులోనే గుర్తున్నాయి.

"వంట వచ్చా?"

"వచ్చు."

"కారం వేస్తావా?"

"వేస్తాను."

"ప్రార్థన చేసే మనిషిలా ఉన్నావు. గట్టిగా చేస్తావా?"

"లేదండీ, మెల్లగానే."

"అయితే లోపలికి రా, లవ్."

ఆవిడ అందరినీ 'లవ్' అనే పిలిచేది, పోస్టు తెచ్చేవాణ్ని కూడా.

ఆవిడ నటి. ఇంగ్లండు టీవీలోనూ సినిమాల్లోనూ జీవితమంతా చిన్న వేషాలు వేసింది. పేరు చెబితే ఎవరికీ తెలియదు, ముఖం చూస్తే మాత్రం అందరూ ఆగిపోయేవాళ్ళు. సూపర్‌మార్కెట్లో ఒకాయన "మీరు మా అబ్బాయికి టీచర్‌గా చేశారా?" అని అడిగితే, "లేదు లవ్, నేను మీ హాల్లోనే ఉండేదాన్ని, టీవీలో" అంది. మధ్యాహ్నాలు పాత సీరియళ్ళు మళ్ళీ వేసేవారు. నేను యూని నుంచి రాగానే "త్వరగా రా, నేను వచ్చే టైమైంది" అని సోఫా మీంచి కేకేసేది. ఇద్దరం కూర్చుని చూసేవాళ్ళం. తలుపు తీసి 'ఆయన ఊళ్ళో లేరండీ' అనే ఇంటి ఓనరు. శవాన్ని మొదట చూసి పాలసీసా జారవిడిచే పక్కింటావిడ. పెద్దింటి వంటమనిషి. కోర్టులో 'నేనేమీ చూడలేదు' అనే సాక్షి. వచ్చి ఒక్క మాట అని వెళ్ళిపోయేది. నాకు మాత్రం ఆ ఎపిసోడంతా మరిచిపోయినా ఆవిడ తలుపు గొళ్ళెం తీసిన తీరు గుర్తుండిపోయేది.

సముద్రం పక్క ఊళ్ళో నాటక కంపెనీలో చేరినప్పుడు ఆవిడకి ఇరవై రెండేళ్ళట. మొదటి రోజే జుట్టుకి పౌడరు కొట్టి ముసలమ్మ వేషం వేయించారు. అంతకుముందు నాటక స్కూల్లో మాస్టారు అందరి ముందూ అన్నాడట, "నీది హీరోయిన్ ముఖం కాదమ్మాయ్, తలుపులు తియ్యడానికి పనికొస్తుంది" అని. సినిమా అంటే ఒక రోజు పనికి వ్యానులో పన్నెండు గంటల ఎదురుచూపు. ఆ ఒక రోజు పనిని కూడా తర్వాత కత్తిరించేసేవాళ్ళు. ఒక పెద్ద హీరోయిన్, తన సీనులో జనం ఈవిడ్ని చూసి నవ్వారని, ఈవిడ ముక్క మొత్తం తీయించేసిందట. చివరికి ఆస్ట్రేలియాలో ఒక సినిమాకి, ఎడారి దారిలో హోటలు నడిపే ఆవిడ వేషానికి వచ్చి, ఆ సినిమాలో సౌండు రికార్డు చేసే ఆయన్ని పెళ్ళి చేసుకుని ఇక్కడే ఉండిపోయింది. ఆయన పోయి చాలా కాలమైంది.

"ఇన్ని వేషాలు ఎక్కణ్నుంచి తెచ్చారు?" అని ఒక సాయంత్రం అడిగాను. సాయంత్రమైతే ఆవిడ ఒక చిన్న గ్లాసు షెర్రీ, అదొక రకం తియ్య వైను, తాగేది. ఒక్క గ్లాసే.

"నాకు అన్యాయం చేసినవాళ్ళ దగ్గర్నుంచి" అంది, చాలా మామూలుగా. "ఒక్కొక్కరి నుంచి ఒక్క వస్తువు తీసుకునేదాన్ని. ఒక్కటే. ఎక్కువ తీసుకుంటే దొంగతనం."

వాళ్ళమ్మ ఆస్పత్రిలో చివరి ఘడియల్లో ఉందట. హెడ్‌నర్సు వార్డు తలుపు దగ్గర ఆపి, చూసే సమయం అయిపోయింది, రేపు రా అందట. అలా అంటూ రొమ్ము దగ్గర గౌనుకి పిన్నుతో పెట్టుకున్న వాచీని సరిచేసుకుందట. తెల్లారేసరికి అమ్మ లేదు. చాలా ఏళ్ళ తర్వాత ఈవిడకి ఒక సీరియల్లో నర్సు వేషం వచ్చింది. ఒక తండ్రిని కూతురి దగ్గరికి వెళ్ళనివ్వని నర్సు. మాట కరుకుగా అనలేదు. వాచీ సరిచేసుకుంటూ అంది.

"ఆ వారం దేశమంతా ఆ నర్సుని తిట్టింది. నేను ఇంట్లో కూర్చుని టోస్టు తిన్నాను."

"వాళ్ళని క్షమించారా మరి?"

"ఎందుకు? వాళ్ళు అడగలేదే!"

క్షమాపణ గురించి నాన్నగారు చెప్పిన ప్రసంగాలన్నీ నాకు నోటికి వచ్చు. ఒక్కటీ నోట్లోంచి రాలేదు.

ఇలా రోజులు గడుస్తుండగా, రీసైక్లింగ్ బండి వచ్చే రోజు పసుపు మూత డబ్బా రోడ్డు పక్కన పెట్టాను. మూత పూర్తిగా పడలేదు. పైన షెర్రీ సీసా ఒకటి. అదే సమయానికి ఆంటీ కారు ఆ వీధిలోంచి వెళ్ళింది. కారు నెమ్మదించింది, మళ్ళీ వెళ్ళిపోయింది. నేను చెయ్యి కూడా ఊపాను. ఒక పాత నటి ఇంట్లో ఉంటున్నానని సంఘంలో అంతకుముందే చెప్పి ఉన్నాను.

ఆ ఆదివారం ప్రార్థన అంశాల సమయంలో ఆంటీ లేచింది. కొంగు తలమీదికి వెళ్ళింది.

"ఒక ఆడపిల్ల... పేరు చెప్పను. మంచి సాక్ష్యం ఉన్న కుటుంబం. మా ఇంట్లో కూతుర్లా చూసుకున్నాం. కానీ ఉండలేకపోయింది. ఇప్పుడు నాటకాలు ఆడే మనిషి ఇంట్లో... సీసాల మధ్య... ఆ బిడ్డ తిరిగి రావాలని కన్నీళ్ళతో అడుగుదాం."

మా సంఘంలో ఆవిడ ఇంట్లోంచి వెళ్ళిన ఆడపిల్ల ఒక్కతే ఉంది. నూరు తలలు నా వైపు తిరిగాయి. తర్వాత అందరూ నా కోసం ప్రార్థించారు. ప్రార్థన అంటే లేచి ఎదురు చెప్పడానికి లేదు. తల వంచుకుని, మీదకి విసిరిన బురదకి ఆమేన్ చెప్పాలి. అంతకంటే పకడ్బందీగా మనిషిని చంపే పద్ధతి నేను ఎక్కడా చూడలేదు.

మరుసటి వారం నేను పిల్లలకి చెప్పే సండే స్కూల్ క్లాసు ఇంకొకరికి ఇచ్చారు. "కొంచెం విశ్రాంతి తీసుకో అమ్మా" అన్నారు అయ్యగారు, నా కళ్ళలోకి చూడకుండా. తర్వాత అమ్మ ఫోను. ఆంటీ వాళ్ళ బంధువులు చీరాలలో ఉన్నారు, అక్కణ్నుంచి మా ఊరికి మాట చేరింది.

"నువ్వు తాగే వాళ్ళింట్లో ఉంటున్నావా?"

"ఆవిడ ముసలావిడమ్మా. ఒక చిన్న గ్లాసు..."

"అంటే ఉన్నట్టేగా! మీ నాన్నగారు రెండు రోజుల్నుంచి అన్నం ముట్టలేదు. వాక్యం చెప్పడానికి వెళ్ళనంటున్నారు, ఏ ముఖంతో వెళ్ళను అని. క్రిస్మస్ అయ్యాక వచ్చెయ్యి. టికెట్టు చూస్తున్నారు."

"ఇంకో ఏడాది చదువుంది అమ్మా!"

"చదువుదేముంది. ముందు నువ్వు వచ్చెయ్యి."

పరిస్థితి అది. డిసెంబరు దాటితే నా చదువు పోతుంది, నా పేరు అంతకుముందే పోయింది. నాన్నగారు నన్ను ఒక్క మాట అడగలేదు. సంఘంలో ఒక్కరు అడగలేదు, ఆ ఇల్లు ఎందుకు వదిలావమ్మా అని. నేనుగా చెబితే, దైవసేవకురాలి మీద నిందలు వేస్తున్నానంటారు. రాత్రిపూట మోకరించి, శత్రువుల పళ్ళు విరగ్గొట్టమని అడిగే పాత కీర్తనలన్నీ చదువుకున్నాను. ఇలాంటి ప్రార్థనలు లేఖనంలో ఎందుకున్నాయా అని చిన్నప్పుడు అనుకునేదాన్ని. నాలాంటి వాళ్ళ కోసమే ఉన్నాయి.

క్రిస్మస్ నాటకానికి వేషాలు పంచినప్పుడు యువకులందరికీ ఏదో ఒకటి ఇవ్వాలని అయ్యగారు పట్టుబట్టారు. ఆంటీ కాగితాలు పంచింది. ఇక్కడ పుట్టిన పిల్లలు తెలుగు చదవలేరు కాబట్టి మాటలన్నీ ఇంగ్లీషు అక్షరాల్లో కొట్టించింది. మరియమ్మ వేషం అక్క కూతురికి. ఆ అమ్మాయి మెత్తనిది, ఎవరి జోలికీ పోదు. నా వంతు వచ్చేసరికి ఆంటీ నవ్వింది.

"నువ్విప్పుడు నాటకాల వాళ్ళింట్లోనే ఉంటున్నావుగా, నీకు పెద్ద వేషం ఎందుకులే. మరియమ్మకి ప్రసవానికి చోటివ్వని సత్రం యజమాని భార్య. ఒక్కటే డైలాగు, 'లోపల చోటు లేదు.' మర్చిపోకు మళ్ళీ!"

చుట్టూ ఉన్నవాళ్ళు నవ్వారు. నేను ఆ కాగితం చేత పట్టుకుని ఇంటిదాకా ఏడుస్తూ నడిచాను.

ముసలావిడ కాగితం తీసుకుని చదివించుకుంది. అర్థం అడిగింది. చెప్పాను. ఎవరు ఇచ్చారని అడిగింది. ఇల్లు ఖాళీ చేయించిన దగ్గర్నుంచి ప్రార్థన అంశం దాకా అంతా చెప్పాను. గుమ్మం దగ్గర పెట్టె సంగతి చెప్పినప్పుడు ఆవిడ షెర్రీ గ్లాసు కింద పెట్టేసింది.

"మళ్ళీ చెప్పు. కాలితోనా? ప్రార్థన ఆపకుండానా?"

"ఆపకుండానే."

"ఆవిడే మీ నాటకం నడుపుతోందా? సత్రం భార్య వేషం నీకు తన చేతుల్తోనే ఇచ్చిందా?" ఆవిడ ముఖం వెలిగిపోయింది. "లవ్, నా కెరీర్ మొత్తంలో నాకు ఇంత మంచి వేషం రాలేదు."

ఆ రోజు నుంచి సాయంత్రాలు ఇంటి హాల్లో మా రిహార్సలు. ఆవిడ మరియమ్మ, నేను సత్రం ఆవిడని. పెట్టెకి బదులు చెప్పుల పెట్టె.

"ఇచ్చిన డైలాగుకి ఒక్క మాట కూడా కలపకు. మాట కలిపితే నిన్ను తప్పు పట్టడానికి దొరుకుతుంది. కోపం చూపించకు. తాను చెడ్డదని ఆ సత్రం ఆవిడకి తెలియదు కదా, నీకూ తెలియకూడదు. నువ్వు చాలా మంచిదానివి. ఆ అమ్మాయి మీద నీకు నిజంగా జాలి. కాలు మాత్రం తన పని తాను చేసుకుంటుంది."

కళ్ళు మూసుకుని పెదాలు కదపడం దగ్గర నేను ఆగిపోయాను. దేవుని పేరు మీద అబద్ధపు ప్రార్థన నటించడం నా వల్ల కాదు. అది పాపం. ఆ మాటే చెప్పాను. నవ్వుతుందనుకున్నాను. నవ్వలేదు.

"లోపల ఖాళీగా ఉంటే ముఖంలో తెలిసిపోతుంది. ఏదో ఒకటి అనుకోవాలి. నువ్వు నిజంగా అడగాల్సింది ఏదైనా ఉంటే, అప్పుడే అడుగు."

సంఘం రిహార్సళ్ళలో మాత్రం చేతులు కట్టుకుని, 'లోపల చోటు లేదు' అని బండరాయిలా అనేసి పక్కకి వచ్చేసేదాన్ని. "చూశారా, నాటకాల వాళ్ళ దగ్గర నేర్చుకున్నది ఇంతేనన్నమాట" అంది ఆంటీ. నేను తల వంచుకున్నాను. లోపల పళ్ళు నూరుకున్నాను.

నాటకం రోజు ఎండ మండిపోయింది. హాల్లో ఫ్యాన్లు తిరుగుతున్నా దుప్పట్లు కప్పుకున్న గొర్రెల కాపరులు చెమటలు కక్కుతున్నారు. దూతల రెక్కలు జారిపోతున్నాయి. ముసలావిడ టోపీ పెట్టుకుని చివరి వరసలో కూర్చుంది. ఆంటీ స్టేజీ పక్కన కాగితాలు పట్టుకుని, జనానికి కనబడేలాగే నిలబడింది.

యోసేపు చేతిలోని మూట గుమ్మంలో దించి తలుపు తట్టాడు. నేను తీశాను. మరియమ్మని కిందనుంచి పైదాకా చూశాను, జాలిగా. "లోపల చోటు లేదు" అన్నాను, ఎంత మెత్తగా అనగలనో అంత మెత్తగా. తర్వాత రెండు వేళ్ళతో కొంగు పట్టుకుని తలమీదికి లాక్కున్నాను. రెండు వేళ్ళతో కొంగు పట్టుకుని తలమీదికి లాక్కున్నాను. తల వాల్చి కళ్ళు మూసుకున్నాను.

ప్రభువా, ఇప్పుడు చూడు. ఆరోజు గుమ్మంలో నువ్వున్నావు, ఇప్పుడు వీళ్ళకీ చూపించు. నన్ను సిగ్గుపరచినవాళ్ళని సిగ్గుపరచు. నిజంగా అడిగాను. అంత నిజంగా ఎప్పుడూ ప్రార్థించలేదు.

ఒక కన్ను సగం తెరిచి, జనం వైపు చూసి, మళ్ళీ మూశాను. పెదాలు కదులుతూనే ఉన్నాయి. కుడికాలు వాళ్ళ మూటని మెల్లగా గుమ్మం అవతలికి జరపడం మొదలుపెట్టింది.

ముందు నా చేతుల్లోని చేతులు వణికాయి. అక్క కూతురు తల దించేసుకుంది, నవ్వు ఆపుకోలేక. ఆ ఇంట్లో రెండు నెలలు ఉంది కదా, మొదట పోల్చుకున్నది ఆ అమ్మాయే. అప్పుడు మగవాళ్ళ వైపు నుంచి ఒక్క నవ్వు వినిపించింది. పెద్ద నవ్వు, ఏళ్ళ తరబడి లోపల దాచుకున్న నవ్వు. అంకుల్ అది. ఆంటీ భర్త. కళ్ళజోడు తీసి జేబురుమాలుతో కళ్ళు తుడుచుకుంటూ, ఆపుకోలేక, పక్కాయన భుజం పట్టుకుని నవ్వుతున్నారు. ఆయన్ని చూసి ఒక వరస, ఆ వరసని చూసి హాలంతా. నవ్వుతూ నవ్వుతూ తలలన్నీ స్టేజీ పక్కకి తిరిగాయి. నా వైపు తిరిగిన నూరు తలలే.

ఆంటీ నా వైపు చూడలేదు. అంకుల్ వైపు చూసింది. చేతిలో కాగితాలు ఒకటొకటిగా కిందపడ్డాయి.

నేను మూటని పూర్తిగా అవతలికి నెట్టి, తలుపు మూశాను.

భోజనాల దగ్గర, బిర్యానీ ట్రేల వరసలో, ఆవిడే నా దగ్గరికి వచ్చింది. ముఖం మీద నవ్వు ఉంది, పెదాలు మాత్రం తెల్లబడ్డాయి.

"ఎక్కడ నేర్చుకున్నావమ్మా ఇవన్నీ? ఆ నాటకాల ముసల్ది నేర్పిందా?"

"నేర్పింది ఆవిడే ఆంటీ. చూసింది మాత్రం మీ గుమ్మంలో."

వరసలో వెనకాల అయ్యగారు ఉన్నారు. ఖాళీ ప్లేటు పట్టుకుని నన్ను పక్కకి పిలిచారు.

"అమ్మా, ఒక్క మాట అడుగుతాను. ఆ ఇల్లు ఎందుకు ఖాళీ చేశావు?"

అన్ని నెలల్లో నన్ను ఆ మాట అడిగిన మొదటి మనిషి ఆయన. నేను నోరు తెరిచేలోపే మరియమ్మ వేషంలో ఉన్న అక్క కూతురు వచ్చి, "నా కోసమే అయ్యగారూ. నాకు రూమ్ కావాలని ఈ అక్కని మూడు రోజుల్లో పంపేశారు. పెట్టె సంగతి లోపల్నుంచి చూసిన బాబాయే నాకు చెప్పారు" అంది. అంకుల్ దూరం నుంచి తల ఊపారు. అయ్యగారు ప్లేటు కింద పెట్టేసి ఫోను తీశారు. మా ఇంటి నంబరు నన్నడిగి, అక్కడికక్కడే, అందరి మధ్యా నిలబడి నాన్నగారితో మాట్లాడారు. "మీ అమ్మాయి మీద పొరపాటు మాట నమ్మాం పంతులుగారూ, సంఘం తరఫున అడుగుతున్నాను, క్షమించండి" అన్నారు. ఫోను నా చేతికిచ్చేసరికి నాన్నగారు ఏడుస్తున్నారు. టికెట్టు ఊసు ఎత్తలేదు. "నిన్ను అడగకుండా నమ్మాను తల్లీ" అన్నారు. జనవరిలో నా సండే స్కూల్ పిల్లలు నాకు తిరిగి వచ్చారు. తర్వాతి సంవత్సరం డిగ్రీ చేతికి వచ్చింది.

ముసలావిడ మాత్రం ఇంటికి నడుస్తూ, "కాలు కొంచెం తొందరపడింది" అంది. "ఇంకాస్త ఆలస్యం చెయ్యాల్సింది. మిగతాది బాగుంది." ఆవిడ నోటి నుంచి అంతకంటే పెద్ద పొగడ్త ఎవరూ విని ఉండరు.

తర్వాతి ఆదివారం నేను ముందే వెళ్ళి కూర్చున్నాను. ఒక్క నిమిషం కూడా పోగొట్టుకోవాలనుకోలేదు. ప్రార్థన అంశాల సమయం వచ్చింది. ఆంటీ లేచింది. రెండు వేళ్ళు కొంగు దాకా వెళ్ళాయి. వెనక వరసల్లో కుర్రాళ్ళు కిసుక్కుమన్నారు. ఆవిడ చెయ్యి అక్కడే ఆగిపోయింది. మెల్లగా కూర్చుంది. ఆ తర్వాత ఆ హాల్లో ఆవిడ ఎవరి గురించీ లేచి చెప్పలేదు. ప్రతి ఆదివారం నేను ఆ కుర్చీ వైపు చూశాను. ప్రతి ఆదివారం నాకు తృప్తిగా ఉంది. ఆ తృప్తికి నేను సిగ్గుపడటం లేదు. నోరు మూయించింది నేను కాదు, నేను అడిగాను, ఆయన ఇచ్చాడు.

ముసలావిడ ఇప్పుడు లేదు. ఆంటీ కుటుంబం కొన్నాళ్ళకి పెర్త్ వెళ్ళిపోయింది, అక్కడ పియారా వాటర్స్ అనే పేటలో ఇల్లు కట్టుకున్నారు. అక్కడి సంఘంలో ఎవరికీ మా నాటకం తెలియదు. ఆవిడ మళ్ళీ లేచి నిలబడుతోందని, పేరు చెప్పకుండా చెబుతోందని అక్కడివాళ్ళు ఒకరు నాకు చెప్పారు. ఆ ఇంట్లో ఇప్పుడు కాకినాడ నుంచి వచ్చిన ఒక స్టూడెంటు అమ్మాయి అద్దెకి ఉందట. ఈ సంగతి విన్నప్పటి నుంచి నాకు నిద్ర లేదు. అందుకే ఇదంతా మీకు రాశాను.

చదువుతున్న నా అక్కచెల్లెళ్ళారా, అన్నదమ్ములారా, ఇప్పుడు ఒక్క క్షణం నాతో కలిసి మోకరించండి. ప్రభువా, ఆ ఇంట్లో ఉన్న బిడ్డకు కాపలా ఉండు. ఆ బిడ్డ మీద ఎవరైనా మాట లేపితే, ముందు ఆ బిడ్డనే పిలిచి అడిగే మనిషిని ఒక్కరినైనా ఆ హాల్లో కూర్చోబెట్టు. అబద్ధం ఆడే పెదవులకు ఇక్కడ నువ్వు చేసింది అక్కడా చెయ్యి. ఆవిణ్ని క్షమించమని నన్ను ఇంకా అడగకు తండ్రీ, అది నా చేతికి ఇంకా రాలేదు. ఆ బిడ్డ చదువు పూర్తయ్యేదాకా నువ్వు నిద్రపోకు. మీ ఇళ్ళలో, మీ భాషలో, మీరూ ఈ మాటలే అడగండి. ఆమేన్ అనండి.